పేరులో మృత్యువు, పనిలో ప్రాణం: అట్రోపిన్ గురించి నాలుగు మాటలు



రాత్రి పూట క్యాజువాలిటీ నుంచి ఒక మనిషి చీటీ పట్టుకుని మందుల కిటికీ దగ్గరకు పరుగెత్తుకొస్తాడు. కాళ్ళకు చెప్పులుండవు, చొక్కా నిండా బురద. చీటీలో మొదటి వరుసలో "అట్రోపిన్ ఇంజెక్షన్ – 50" అని ఉంటుంది. ఆ అంకె చూసి, "అమ్మా, యాభై కాదేమో, అయిదేమో, ఒకసారి సరిగ్గా చూడండి" అంటాడు. "యాభయ్యే బాబూ, తెల్లారేలోగా ఇంకా కావలసి రావచ్చు" అంటే నమ్మలేనట్టు చూస్తాడు. మర్నాడు అదే మనిషి వార్డు బయట నిలబడి, "సిస్టరమ్మా, ఆ సూదితోనే మా తమ్ముడికి పిచ్చెక్కింది. గాలిలో ఏవేవో ఏరుతున్నాడు. ఇక ఆ సూది వద్దమ్మా" అని బతిమాలతాడు.

పొలాల మధ్య ఉన్న ఆసుపత్రుల్లో పనిచేసే వాళ్ళందరూ ఈ మాటలు విన్నవాళ్ళే. ఆ అన్నగారిది తప్పని నేననను. తన తమ్ముడి ఒంట్లోకి వెళ్తున్నదేమిటో, ఎందుకు వెళ్తున్నదో అతనికి ఎవరూ చెప్పలేదు. తెలియని పేరు భయపెడుతుంది. భయపడిన మనిషి చికిత్స మధ్యలో రోగిని ఇంటికి తీసుకుపోతాడు. అలా తీసుకుపోయిన వాళ్ళలో కొందరు తిరిగి రారు.

మందుల పేర్లు డాక్టర్లకు తెలిస్తే చాలు, మనకెందుకు అని చాలామంది అంటారు. కానీ ఇన్సులిన్, పారాసిటమాల్, ఓఆర్ఎస్ అనేవి కూడా ఒకప్పుడు డాక్టర్ల మాటలే. ఈ రోజు చదువురాని అవ్వ కూడా మనవడికి విరేచనాలైతే "ఓఆర్ఎస్ పొట్లం తెండిరా" అంటుంది. ఆ పేరు ఇళ్ళలోకి వచ్చిన తర్వాత ఎన్నో పసిప్రాణాలు నిలిచాయి. వ్యవసాయం చేసే ప్రతి ఇంటికీ, పురుగుల మందు డబ్బా ఉన్న ప్రతి వాకిలికీ అట్రోపిన్ అనే పేరు కూడా అలాగే తెలియాలని నా అభిప్రాయం. మనం సొంతంగా వాడటానికి కాదు. అవసరమైన వేళ భయపడకుండా ఉండటానికి, ఆపమని అడగకుండా ఉండటానికి.

ఈ పేరు ఎక్కడిది?

యూరప్‌లో బెల్లడోనా అనే మొక్క ఉంది. మన వంకాయ, టమాటా, మిరప, ఉమ్మెత్త మొక్కల కుటుంబానికి చెందినదే. నల్లగా నిగనిగలాడే చిన్న పండ్లు కాస్తుంది. తింటే ప్రాణాంతకం. ఇటలీ భాషలో బెల్లడోనా అంటే అందమైన స్త్రీ. పూర్వం అక్కడి స్త్రీలు దీని రసం కళ్ళలో వేసుకునేవారని, దానితో కంటిపాపలు విచ్చుకుని కళ్ళు పెద్దవిగా, అందంగా కనిపించేవని చెబుతారు.

స్వీడన్ శాస్త్రజ్ఞుడు లిన్నేయస్ 1753లో ప్రచురించిన తన గ్రంథంలో ఈ మొక్కకు "అట్రోపా బెల్లడోనా" అని శాస్త్రీయ నామం పెట్టాడు. అట్రోపా అనే మాట గ్రీకు పురాణ కథల్లోని అట్రోపోస్ నుంచి వచ్చింది. ఆ కథల్లో ముగ్గురు అక్కచెల్లెళ్ళుంటారు. ఒకామె మనిషి ఆయుష్షు అనే దారం వడుకుతుంది. రెండో ఆమె దాన్ని కొలుస్తుంది. మూడో ఆమె అట్రోపోస్, కత్తెరతో కత్తిరిస్తుంది. గ్రీకు భాషలో "ట్రోపోస్" అంటే మలుపు, ముందున్న "అ" అంటే లేదు. మన "అన్యాయం", "అశాంతి" మాటల్లో "అ" ఎలా పనిచేస్తుందో అక్కడా అంతే. అట్రోపోస్ అంటే మళ్ళించరానిది, వెనక్కు తిప్పలేనిది అని అర్థం.

1830ల తొలి సంవత్సరాల్లో జర్మనీలో ఈ మొక్క నుంచి అసలు రసాయనాన్ని శుద్ధమైన స్ఫటికాలుగా వేరు చేశారు. మొక్క పేరు మీదే దానికి అట్రోపిన్ అని పేరు పెట్టారు. మృత్యువు పేరు పెట్టుకున్న ఆ పదార్థం ఈ రోజు ప్రపంచ ఆరోగ్య సంస్థ వారి అత్యవసర మందుల జాబితాలో ఉంది.

మన ఉమ్మెత్త చెప్పిన సంగతి

బెల్లడోనా మన ఊళ్ళలో పెరగదు. కానీ దాని చుట్టం మన పొలం గట్ల మీద, పాడుబడిన గోడల పక్కన ఉంటుంది. అదే ఉమ్మెత్త. బాకా లాంటి తెల్లని పువ్వు, ముళ్ళ కాయ. దీని ఆకుల్లో, గింజల్లో అట్రోపిన్, హయోసయమిన్, స్కోపోలమిన్ అనే పదార్థాలున్నాయి. మూడూ ఒక కుటుంబంవే.

ఉమ్మెత్త అనే తెలుగు మాట సంస్కృతంలోని "ఉన్మత్త" నుంచి వచ్చింది. ఉన్మత్త అంటే పిచ్చి పట్టినది, మతి తప్పించేది. గింజలు తింటే మనిషి ఏమవుతాడో పెద్దలు చూశారు, చూసినదే పేరుగా పెట్టారు. నోరెండిపోవడం, కళ్ళు బైర్లు కమ్మడం, ఒళ్ళు కాలిపోవడం, లేనివి కనబడటం, ఏవేవో మాట్లాడటం, ఇవన్నీ ఉమ్మెత్త విషం లక్షణాలు. అట్రోపిన్ ఎక్కువైనా ఇవే లక్షణాలు. గ్రీకు పేరు మరణాన్ని చెబితే, మన తెలుగు పేరు లక్షణాన్ని చెప్పింది. వార్డు బయట నిలబడ్డ ఆ అన్నగారు "పిచ్చెక్కింది" అన్నప్పుడు తెలియకుండానే ఆ పాత పేరునే మళ్ళీ పలికాడు. అతను చూసింది నిజమే. దాని అర్థం మాత్రం అతనికి తెలియలేదు.

ఒంట్లో ఇది చేసే పని

మన నరాల చివర అసిటైల్‌కోలిన్ అనే ఒక రసాయనం తయారవుతుంది. నరం చెప్పే కబురు కండరానికి, గ్రంథికి మోసుకెళ్ళే జాబులవాడు అనుకోండి. కబురు అందిన వెంటనే దాన్ని ఊడ్చి శుభ్రం చేయడానికి ఒక ఎంజైము ఉంటుంది. కబురు వచ్చినప్పుడల్లా పని, ఊడ్చిన వెంటనే విశ్రాంతి. ఇలా శరీరం సజావుగా నడుస్తుంది.

ఆర్గానోఫాస్ఫరస్ రకం పురుగుల మందులు ఆ ఊడ్చే ఎంజైమును కట్టిపడేస్తాయి. ఇక కబుర్లు పోగుపడిపోతాయి. నోటి నుంచి చొంగ, కంటి నుంచి నీరు, ఒళ్ళంతా చెమట, వాంతులు, విరేచనాలు, తెలియకుండానే మూత్రం. కంటిపాప సూదిమొన అంత చిన్నదవుతుంది. గుండె నెమ్మదిస్తుంది. అన్నిటికన్నా ప్రమాదం ఊపిరితిత్తుల్లో నీరులాంటి స్రావం నిండటం. మనిషి బావిలో పడకుండానే మునిగిపోతున్నట్టు లెక్క.

అట్రోపిన్ వెళ్ళి ఆ కబురు అందుకునే చోట ముందుగా కూర్చుంటుంది. కుర్చీ ఖాళీ లేకపోతే కబురు తెచ్చినవాడు నిలబడి వెనక్కు పోవలసిందే. చొంగ ఆరుతుంది, చెమట ఆరుతుంది, ఛాతీలో గురగుర తగ్గుతుంది, గుండె వేగం పుంజుకుంటుంది. కానీ విషం ఇంకా ఒంట్లోనే ఉంటుంది. అట్రోపిన్ దాన్ని కడిగేయదు, దాని దెబ్బ నుంచి కాపు కాస్తుంది. అందువల్లనే ఒక్క సూదితో సరిపోదు. విషం ఎంత బలంగా ఉంటే కాపలా అంత బలంగా ఉండాలి.

మన దేశంలో ఎక్కువగా దొరికే అట్రోపిన్ ఆంప్యూల్‌లో 0.6 మిల్లీగ్రాములుంటాయి. విషం తాగిన పెద్ద మనిషికి మొదటి మోతాదే 1 నుంచి 3 మిల్లీగ్రాములు. అంటే మొదటి నిమిషంలోనే రెండు నుంచి అయిదు ఆంప్యూళ్ళు. అయిదు నిమిషాలకు ఛాతీ తేటపడకపోతే దానికి రెట్టింపు, ఆ తర్వాత మళ్ళీ రెట్టింపు. ఛాతీ తేటపడి, గుండె, రక్తపోటు నిలబడి, చంకలు పొడిబారే వరకు ఇలా ఇస్తారు. తర్వాత సెలైన్‌తో సన్నగా ఎక్కిస్తారు. ఇప్పుడు చీటీలో యాభై ఎందుకుందో అర్థమైంది కదా.

త్వరగా ఇవ్వడం ఎంత ముఖ్యమో బంగ్లాదేశ్‌లోని చిట్టగాంగ్ వైద్య కళాశాల ఆసుపత్రిలో పరీక్షించి చూశారు. పాత పద్ధతిలో విడివిడిగా సూదులు వేసిన రోగుల్లో నూటికి 22 మందికి పైగా చనిపోయారు. మోతాదు రెట్టింపు చేసుకుంటూ త్వరగా ఇచ్చి, తర్వాత సెలైన్‌తో కొనసాగించిన వారిలో నూటికి 8 మంది చనిపోయారు. ఈ ఫలితాలు 2012లో ప్రచురించారు. మందు అదే, రోగులూ అలాంటివారే. తేడా అంతా ఇచ్చిన తీరులో ఉంది. "ఇన్ని సూదులెందుకు" అని అడిగే వారికి నేనిచ్చే జవాబు ఇదే.

"సూదితో పిచ్చెక్కింది" అంటే

అట్రోపిన్ పనిచేస్తున్న మనిషికి నోరు ఎండుతుంది, కంటిపాపలు పెద్దవవుతాయి, గుండె వేగంగా కొట్టుకుంటుంది. ఇవి మందు పని చేస్తున్నదని చెప్పే గుర్తులు. మోతాదు కొంచెం ఎక్కువైతే మనిషి తికమక పడతాడు. దుప్పటి అంచులు పీకుతాడు, గాలిలో ఏరుతాడు, సెలైన్ పైపు లాగేస్తాడు. జ్వరం వస్తుంది, పొట్ట బిగుస్తుంది, మూత్రం ఆగుతుంది. అప్పుడు డాక్టర్లు కాసేపు ఆపి, తగ్గించి మళ్ళీ మొదలుపెడతారు. ఈ తికమక తాత్కాలికం. పిచ్చి కాదు, గాలి సోకడం కాదు, దయ్యం కాదు.

మంచం పక్కన కూర్చున్న వారికి ఇక్కడ పెద్ద పని ఉంది. గడియ గడియకూ ఛాతీ చూసే తీరిక సిస్టరుకు ఉండకపోవచ్చు. "మళ్ళీ చొంగ వస్తోంది", "ఊపిరిలో గురగుర మొదలైంది", "ఒళ్ళు కాలుతోంది, చెమట లేదు", "పొద్దుటి నుంచి మూత్రం పోయలేదు" అని మీరు చెప్పే ఒక్కొక్క మాటతో మోతాదు సరిదిద్దుతారు. ఎండాకాలం చెమట ఆగిన ఒళ్ళు త్వరగా వేడెక్కుతుంది. అడిగి, తడిగుడ్డతో తుడవండి, ఫ్యాను తిప్పండి. చేతులు మెత్తని గుడ్డతో కట్టి ఉంచితే కోపగించుకోకండి. సూది ఊడిపోకుండా కాపాడటానికే.

మరో సంగతి. రెండో రోజుకు మనిషి లేచి కూర్చుని మాట్లాడితే "బాగైపోయాడు, ఇంటికి పంపండి" అని ఒత్తిడి చేస్తారు. అట్రోపిన్ స్రావాలను ఆపుతుంది గాని, కండరాల బలహీనతను ఆపలేదు. విషం తాగిన ఒకటి నుంచి నాలుగు రోజుల మధ్య కొందరికి మెడ నిలవదు, ఊపిరి తీసే కండరాలు అలసిపోతాయి. అలాంటప్పుడు వెంటిలేటరు ఒక్కటే ఆధారం. శ్రీలంక వైద్యులు 1987లో ఈ స్థితిని స్పష్టంగా వివరించారు. అందుకే డాక్టరు "ఇంకో మూడు రోజులుండాలి" అంటే అది బిల్లు కోసం అన్న మాట కాదు. "తలగడ మీది నుంచి తల ఎత్తు" అని సిస్టరు రోజూ అడిగేది కూడా ఇందుకే.

ఇంటికి వెళ్ళాక కొన్నాళ్ళు దగ్గరి అక్షరాలు మసకగా కనిపించవచ్చు. కంటిపాప పూర్తిగా మామూలు కాకపోవడమే కారణం. చూపు పోలేదు, తిరిగి వస్తుంది.

"మందు తాగాడు" – ఏ మందు?

మన తెలుగులో మందు అనే మాట చాలా బరువు మోస్తుంది. జ్వరానికి వేసుకునేది మందు. సారాయి మందు. పొలంలో కొట్టేది మందు. తుపాకీలో కూరేది మందు. వశం చేసుకోవడానికి పెట్టారని చెప్పుకునేదీ మందే. అర్ధరాత్రి ఒక మనిషిని ఆటోలోంచి దించి "మందు తాగాడు" అంటే డాక్టరు ఏమనుకోవాలి?

"ఎండ్రిన్ తాగాడు" అనే వాళ్ళూ ఉన్నారు. మన పల్లెల్లో ఒక తరం వాళ్ళకు పురుగుల మందు అంటే ఎండ్రిన్ అనే అలవాటైపోయింది. ఎండ్రిన్‌ను మన దేశంలో ఎప్పుడో నిషేధించారు. పైగా అది వేరే జాతి విషం. దానితో మూర్ఛలు వస్తాయి, అట్రోపిన్ దానికి విరుగుడు కాదు. ఈ రోజు ఎండ్రిన్ అని చెప్పేవారు తెచ్చిన డబ్బా చూస్తే దాని మీద మరేదో పేరుంటుంది. పాత పేరు నాలుక మీద ఉండిపోయింది, డబ్బాలో విషం మారిపోయింది.

అట్రోపిన్ ముఖ్యంగా రెండు రకాల పురుగుల మందులకు విరుగుడు. మొదటిది ఆర్గానోఫాస్ఫరస్ రకం. వీటి పేర్లు ఎక్కువగా "ఫాస్" అని ముగుస్తాయి: మోనోక్రోటోఫాస్, క్లోరిపైరిఫాస్, ప్రొఫెనోఫాస్, క్వినాల్‌ఫాస్. డైమిథోయేట్, ఎసిఫేట్ లాంటివీ ఈ జాతివే. రెండోది కార్బమేట్ రకం. గుళికల మందుగా వాడే కార్బోఫ్యూరాన్ దీనిలోది. కలుపు మందుకు, ఎలుకల మందుకు, ధాన్యంలో పెట్టే బిళ్ళలకు అట్రోపిన్ విరుగుడు కాదు. వాటికి చికిత్స వేరు. కాబట్టి మనిషితో పాటు డబ్బా రావాలి. డబ్బా దొరక్కపోతే మూత, చీటీ, కొన్న రసీదు, ఏదైనా సరే. కంపెనీ పేరు పెద్ద అక్షరాల్లో ఉంటుంది, అసలు రసాయనం పేరు కింద చిన్న అక్షరాల్లో ఉంటుంది. డాక్టరుకు కావలసింది ఆ చిన్న అక్షరాలే.

ఖాళీ డబ్బాలను కడిగి ఇంట్లో వాడే వారికి ఇంకో మాట. 2013 జూలైలో బీహార్‌లోని గండామన్ గ్రామంలో బడి మధ్యాహ్న భోజనం తిని 23 మంది పిల్లలు చనిపోయారు. వంట నూనెలో మోనోక్రోటోఫాస్ ఉన్నట్టు పరీక్షల్లో తేలింది. ఆ పిల్లలెవరూ ఏ మందూ తాగలేదు. అన్నం తిన్నారు. పురుగుల మందు డబ్బాలో నూనె గాని, కిరోసిన్ గాని, మంచినీళ్ళు గాని ఎప్పుడూ పోయకండి. చిల్లు పొడిచి, వాడటానికి వీల్లేకుండా చేయండి.

"ఆకు నుంచి వచ్చిందే కదా"

ఇంతవరకూ చదివిన వారిలో ఎవరికైనా ఒక ఆలోచన రావచ్చు. ఉమ్మెత్తలో అట్రోపిన్ ఉంది కదా, ఆసుపత్రి దూరం కదా, ఆకు రసం తాగిస్తే సరిపోదా? దయచేసి ఆ పని చేయకండి. ఒక మొక్కకూ ఇంకో మొక్కకూ, ఆకుకూ గింజకూ, లేతదానికీ ముదురుదానికీ అందులోని విషం పాళ్ళు మారిపోతాయి. ఆంప్యూల్‌లో 0.6 అంటే ప్రతిసారీ 0.6 మాత్రమే. ఆకులో ఎంతుందో ఎవరూ చెప్పలేరు. అప్పటికే విషం తాగి స్పృహ తప్పుతున్న మనిషి నోట్లో ఏది పోసినా అది ఊపిరితిత్తుల్లోకి పోతుంది. రెండు విషాలు కలిస్తే డాక్టరుకు ఏ లక్షణం దేనిదో కూడా తెలియదు. బెల్లడోనా పేరుతో దొరికే తీపి గుళికలు కూడా ఈ విషానికి విరుగుడు కావు. పేరు ఒకటైనంత మాత్రాన పని ఒకటి కాదు.

మొక్క నుంచి వచ్చిందంటే మంచిదే, కెమికల్ అంటే చెడ్డదే అనే మాట ఈ మధ్య ఎక్కువగా వినిపిస్తోంది. అట్రోపిన్ ఈ రెండు మాటలనూ తప్పని చూపిస్తుంది. అది మొక్కలోదే, అది రసాయనమే. అదే పదార్థం ఒకచోట విషం, ఒకచోట విరుగుడు. తేడా చేసేది కొలత, సమయం, తెలిసిన చెయ్యి.

రెండవ రాజుల గ్రంథంలో ఎలీషా కాలంనాటి సంగతి మీకు జ్ఞాపకం ఉండే ఉంటుంది. కరువు రోజుల్లో ఒకడు పొలంలోకి వెళ్ళి, అవేమిటో తెలియకుండానే అడవి తీగ కాయలు ఒడినిండా కోసుకొచ్చి కుండలో వేశాడు. నోట పెట్టగానే కుండలో మరణం ఉందని అందరూ కేకలు వేశారు. ఆ మనిషికి చెడ్డ ఉద్దేశం లేదు. ఆకలిగొన్న వారికి అన్నం పెట్టాలనే చూశాడు. తెలియకపోవడమే అక్కడ ప్రమాదం తెచ్చింది. మన ఇళ్ళలో పేడనీళ్ళు, ఉప్పునీళ్ళు తాగించి వాంతి చేయించే వారూ మంచి ఉద్దేశంతోనే చేస్తారు. కానీ ఆ వాంతి ఊపిరితిత్తుల్లోకి పోయి చనిపోయిన వారున్నారు.

చేయవలసినవి ఇంతే. నోట్లో ఏమీ పోయకండి. మనిషిని ఎడమ పక్కకు తిప్పి పడుకోబెట్టండి. చొంగ గుడ్డతో తుడవండి. మందు పడిన బట్టలు తీసేసి, ఒంటిని సబ్బు నీళ్ళతో కడగండి. మీ చేతులకు ప్లాస్టిక్ సంచులైనా తొడుక్కోండి. 108కి ఫోన్ చేయండి. డబ్బా తెండి. ప్రార్థన దారిలో చేయండి, బయలుదేరడం ఆపి చేయకండి.

ఇంటిపేరు చూసి పోల్చుకోండి

అట్రోపిన్‌కు పిల్లలూ మనుమలూ ఉన్నారు. ఇంటిపేరు చూసి చుట్టరికం చెప్పినట్టు, మందు పేరులో "ట్రోపి" చూసి వీటిలో చాలావాటిని పోల్చుకోవచ్చు. ఆయాసం వారికి నెబులైజరులో పెట్టే ఇప్రాట్రోపియం, రోజూ పీల్చే టియోట్రోపియం, కంటి పరీక్షకు ముందు వేసే ట్రోపికమైడ్ చుక్కలు ఈ కుటుంబంవే. పూర్వం ఉబ్బసానికి ఉమ్మెత్త ఆకు పొగ పీల్చేవారు. ఆ పొగలో కొలత లేకుండా వెళ్ళినదానికి కొలత కట్టి ఇచ్చే రూపమే ఈ రోజు ఇన్‌హేలరు అనుకోవచ్చు.

ఈ మందులు వాడేవారు నీటికాసుల జబ్బు గాని, ప్రొస్టేట్ వాపుతో మూత్రం ఇబ్బంది గాని ఉంటే డాక్టరుకు ముందే చెప్పాలి. అట్రోపిన్ కంటి చుక్కల సీసా పిల్లలకు అందనీయకండి. చుక్కలే కదా అనిపిస్తుంది, కానీ పసిపిల్లవాడు తాగితే అదే విషం.

దాచిపెట్టే పేరు

ఇక చెప్పడానికి కష్టమైన మాట. విషం తాగిన మనిషిని తెచ్చినప్పుడు చాలా కుటుంబాలు నిజం చెప్పవు. "పొలంలో మందు కొడుతుంటే గాలి తగిలింది" అంటారు. "దగ్గు మందనుకుని తాగాడు" అంటారు. పోలీసు కేసు అవుతుందనే భయం, ఊళ్ళో మాట పడుతుందనే భయం, మన సంఘాల్లో అయితే పాస్టరుగారు ఏమంటారో అనే భయం కూడా. ఈ దాపరికంలో విలువైన అరగంట పోతుంది.

చట్టం సంగతి తెలుసుకోండి. 2017 మానసిక ఆరోగ్య సంరక్షణ చట్టం ప్రకారం, ప్రాణం తీసుకోబోయిన వారు తీవ్రమైన ఒత్తిడిలో ఉన్నట్టే భావించాలి, వారిని శిక్షించకూడదు. వారికి చికిత్స, ఆదరణ అందించడం ప్రభుత్వ బాధ్యత అని కూడా అందులో ఉంది. ఆసుపత్రి వారు పోలీసులకు తెలియజేయడం నియమం కోసమే. దానికి భయపడి వైద్యం ఆలస్యం చేయకండి.

సంఘ పెద్దలకు నా విన్నపం వేరే ఉంది. వార్డులో మంచం పక్కన నిలబడి పాపం గురించి బోధించకండి. ఏలీయా అంతటి ప్రవక్త బదరీ వృక్షం కింద కూర్చుని ఇక నా ప్రాణం తీసుకో అని దేవుణ్ణి అడిగాడు. దేవుడు అతన్ని గద్దించలేదు. నిద్రపోనిచ్చాడు. దూతను పంపి రొట్టె, నీళ్ళు ఇచ్చాడు. మళ్ళీ నిద్రపోనిచ్చి, మళ్ళీ తినిపించాడు. మాట్లాడింది ఆ తర్వాత, చాలా దూరం ప్రయాణం అయ్యాక. శరీరాన్ని ముందు నిలబెట్టి, మనసుతో తర్వాత మాట్లాడిన ఆ క్రమమే మనకు మాదిరి. అట్రోపిన్ మొదటి పని చేస్తుంది. రెండో పనికి ఏ ఆంప్యూలూ లేదు. అది మనమే చేయాలి.

ఇంటికి వెళ్ళిన మనిషిని పలకరించడానికి వెళ్ళేవారు "ఎందుకిలా చేశావు" అని మొదలుపెట్టకండి. "ఎలా ఉన్నావురా, అన్నం తిన్నావా" అంటే చాలు. అప్పుల గురించి, తాగుడు గురించి, ఇంటి గొడవల గురించి అతను చెబితే వినండి. పురుగుల మందు ఇంట్లో కాకుండా తాళం వేసిన పెట్టెలో, వీలైతే పదిమందికీ కలిపి ఒకచోట ఉంచే ఏర్పాటు సంఘం చేయగలదు. ఆ క్షణపు ఆవేశంలో చేతికి డబ్బా అందకపోతే చాలామంది బతుకుతారు. మనసు బాగోలేని వారు ఎవరైనా, ఏ వేళనైనా 14416 నంబరుకు ఫోన్ చేయవచ్చు. ఇది 2022లో కేంద్ర ప్రభుత్వం మొదలుపెట్టిన టెలీ మానస్ సేవ. ఖర్చు లేదు, తెలుగులో మాట్లాడవచ్చు.

ముగించే ముందు

మందుల పేర్లు ఇలా అందరికీ చెబితే సగం తెలిసి సొంత వైద్యాలు చేస్తారని కొందరు పెద్దలు అంటారు. ఆ భయంలో నిజం ఉంది. అందుకే పేరుతో పాటు హద్దు కూడా చెప్పాను. అయినా తెలియనితనం వల్ల జరిగే నష్టమే నాకు పెద్దదిగా కనిపిస్తుంది. మందుల కిటికీ దగ్గర "యాభయ్యా!" అని ఆగిపోయే అన్నగారికి ఈ పేరు ముందే తెలిసి ఉంటే ఒక్క నిమిషం కూడా ఆగడు. మర్నాడు "సూది ఆపండి" అనే బదులు "సిస్టరమ్మా, తికమక పడుతున్నాడు, మోతాదు ఒకసారి చూడండి" అంటాడు. ఈ రెండు మాటల మధ్య ఒక ప్రాణం ఉంది.

అట్రోపోస్ అంటే వెనక్కు తిప్పలేనిది అని చెప్పుకున్నాం. తర్వాతి కాలంలో రసాయన శాస్త్రజ్ఞులు అట్రోపిన్‌ను రెండు భాగాలుగా విడగొట్టి, వాటికి ట్రోపిన్ అని, ట్రోపిక్ ఆమ్లం అని పేర్లు పెట్టారు. ముందున్న "అ" పోయింది. మిగిలింది మలుపు అనే మాట. ఆసుపత్రి వార్డులో మేము చూసేదీ అదే. ఇక తిరిగి రాడనుకున్న మనిషి నాలుగో రోజు ఉదయం కళ్ళు తెరిచి, ఎండిన నోటితో "కొంచెం నీళ్ళివ్వమ్మా" అంటాడు. మలుపు లేదనుకున్న చోట దేవుడు మలుపు ఇస్తాడు. దానికి ఆయన వాడుకునేవి ఒక చిన్న ఆంప్యూలు, నిద్రలేని ఒక సిస్టరు, డబ్బా చేత పట్టుకుని సమయానికి వచ్చిన ఒక అన్న.

ఈ పేజీ చదివాక మీ ఇంట్లో వారికి, పొలం పనికి వచ్చే వారికి ఈ ఒక్క పేరూ చెప్పండి. ప్రభువు మీ ఇంటిని, మీ పొలాన్ని కాపాడును గాక. ఆమేన్.